తడిసిన ఊక

2014 అక్టోబరు 12న హుద్‌హుద్ తుఫాను విశాఖ దగ్గర తీరం దాటింది. ఆ గాలికి అనకాపల్లి పక్కనున్న మా ఊళ్లో మా కోళ్ల షెడ్డు రేకులు నాలుగు లేచిపోయాయి. లోపల మూడు వందల పిల్లలు, మూడు వారాలవి. నాన్నా నేనూ టార్పాలిన్ కప్పి వాటిని ఒక మూలకి చేర్చాం. ఒక్కటీ చావలేదని అమ్మ నూకాలమ్మకి దండం పెట్టుకుంది. కరెంటు లేదు, తాగే నీళ్లకే తిప్పలు. కింద తడిసిన ఊక సంగతి ఎవరికీ పట్టలేదు.

వారం తిరిగేసరికి పిల్లలు రెక్కలు వేలాడేసి, ఈకలు రేగి, ముడుచుకుని కూర్చున్నాయి. మర్నాటికి పదకొండు పోయాయి.

"కొక్కెర తెగులురా. ఇంక ఒక్కటీ మిగల్దు" అన్నారు నాన్న.

"దానికి లసోటా టీకా చుక్కలు వేసినవే కదా" అంటూ అమ్మ టార్చిలైటుతో నేలంతా వెతికి, నన్ను పిలిచి చూపించింది. కొక్కెర తెగులుకి రెట్ట ఆకుపచ్చగా పడుతుంది. ఇక్కడ ఊక మీద ఎర్రటి నెత్తురు.

చచ్చిన పిల్లల్ని సంచిలో వేసుకుని పశువుల ఆసుపత్రికి పరుగెత్తాను. డాక్టరుగారు ఒకదాన్ని కోసి, జంటగా ఉండే గుడ్డిపేగుల్ని పైకెత్తారు. ఉబ్బి, నల్లెరుపుగా ఉన్నాయి. కత్తెరతో చీల్చితే లోపలంతా గడ్డకట్టిన రక్తం.

"రక్తపారుడు బాబూ, కాక్సీడియోసిస్. ఐమీరియా అనే పరాన్నజీవి పని. దాని గుడ్లు రెట్టలో పడతాయి. తడీ వెచ్చదనమూ దొరికితే ఒకటి రెండు రోజుల్లో రోగం అంటించేలా తయారవుతాయి. పిల్లలు ఊక కెలికి వాటినే తింటాయి."

ఆంప్రోలియం పొడి రాసిచ్చారు. జబ్బు పిల్ల మేత మానేసినా నీళ్లు తాగుతుంది కాబట్టి, ఐదు రోజులు మందు కలిపిన నీళ్లే పెట్టమన్నారు. ఆ మందు బీ1 విటమిన్‌ని పోలి ఉండి, పరాన్నజీవికి అది అందకుండా అడ్డుపడుతుందట. అందుకే బలానికని బీ విటమిన్ కలపొద్దని రెండుసార్లు చెప్పారు.

ఆ రాత్రే అమ్మా నేనూ తడి ఊకంతా పారలతో ఎత్తిపోసి, నేల మీద సున్నం చల్లి, పొడి ఊక పరిచాం. నీళ్లు ఒలకకుండా డబ్బాలు పిల్లల వీపు ఎత్తుకి లేపాం. మూడో రోజుకి ఎరుపు తగ్గింది. మొత్తం నలభై రెండు పోయాయి, మిగిలినవి దక్కాయి.

ఇప్పటికీ వాన వెలిసిన మర్నాడు షెడ్డులోకి వెళ్తే నా చెయ్యి ముందు ఊకలోకే పోతుంది. గుప్పెడు తీసి నొక్కి చూస్తాను. పొడిపొడిగా రాలితే మేత పోస్తాను. ముద్ద కడితే పార అందుకుంటాను.