చెల్లెలి వెంట బందరు వీధులలో

సముద్రమును కన్నులార చూడకయే సముద్రవర్ణనములు కంఠస్థము చేసినవారిలో మేమును చేరినవారము. బాల్యమున తండ్రిగారు ఇంటనే కూర్చుండబెట్టి భారత భాగవతములు చదివించునపుడు క్షీరసాగరమథనమును ఎన్నియో మారులు చదివితిమి. రత్నాకరమనగా సముద్రమని నిఘంటువు వల్లించితిమి. అయినను మంథనికో ధర్మపురికో పోయి గోదావరిలో మునిగివచ్చుటయే తప్ప, పెద్దపల్లి విడిచి కడలిదాక పోవలసిన యవసరము మాకు కలుగలేదు. గడచిన మాఘమాసమున ఆ యవసరము కలిగినది. అది తీర్థయాత్ర కాదు, వినోదయాత్రయు కాదు. ఆఱేండ్లుగా పలుకరింపని చెల్లెలిని చూచుటకై మేము బందరు పోయితిమి.

జరిగినది దాచుటవలన ప్రయోజనము లేదు. మా తల్లిగారు గతించినపుడు చెల్లెలు రెండు రైళ్లు మాఱి వచ్చుసరికి అంతయు ముగిసినది. పదునొకండవనాడు ఆమె తల్లిగారి గుండ్లపేరు ఒక్కసారి చేతికిమ్మని అడిగెను. "కడచూపునకు అందనిదానికి పేరుపై మక్కువ యేల?" అని మేమంటిమి. అనుచున్నపుడే తప్పని తెలిసినది. మాటను వెనుకకు తీసికొను విధము మాత్రము తెలియలేదు. ఆ పిమ్మట ఆమె రెండు జాబులు వ్రాసెను. మేము బదులు వ్రాయలేదు. ఈ సంక్రాంతికి మూడవ జాబు వచ్చినది. "అక్కా, మా ఊరు చూడ రమ్ము. బావగారిని గూడ తోడ్కొని రమ్ము. వీధివీధియు నేనే నడిపించి చూపెదను" అని మాత్రమే అందులో నున్నది. గుండ్లపేరు మాట లేదు. మావారు ఆ జాబు చదివి, "బడిలో ఈ రేవును గూర్చి యేటేట పాఠము చెప్పుచున్నాను, ఒక్కమాఱైనను చూడలేదు. బయలుదేరుదము" అనిరి. ఆయన పాఠముకొఱకే పోవుచున్నట్లు మాటలాడినందుకు మనసులో వారికి నమస్కరించుకొంటిమి.

పెద్దపల్లిలో రైలెక్కి కాజీపేట, వరంగల్లు, ఖమ్మము మీదుగా బెజవాడ చేరి, అచట వేఱొక రైలెక్కి గుడివాడ దాటి బందరులో దిగితిమి. ఇనుపదారి అచటితో ముగియును. చెల్లెలు నిలుచుండి యున్నది. "బావగారూ, ప్రయాణము సుఖముగా సాగినదా?" అని మావారిని అడిగినది. మాతో ఏమియు అనక, మా చేతిలోని సంచిని మాత్రము తీసికొన్నది. అందులో చీరల అడుగున గుండ్లపేరు ఉన్నట్లు ఆమె యెఱుగదు.

మఱునాటి ఉదయము నడక సాగినది. ముందు చెల్లెలు, వెనుక మేము. కోనేరు దగ్గఱ ఆమె చేయిచాచి దిక్కులు చూపినది. "ఇటు ఇంగ్లీషుపాలెము, అటు వలందపాలెము, ఆవల పరాసుపేట" అన్నది. వలందులనగా హాలెండు దేశీయులు, పరాసులు ఫ్రెంచివారు. ఆ జాతులవారు పోయి ఎన్నియో తరములైనను వారి పేర్లు పేటలకు మిగిలినవి. కూరగాయల బండ్లును, బడిపిల్లల సైకిళ్లును ఆ పేర్లమీదుగానే సాగిపోవుచున్నవి.

బందరనగా పారసీకభాషలో రేవని యర్థము. ఈ తీరమును క్రీస్తుశకము మొదటి రెండు శతాబ్దులలో గ్రీకు భాషలో వ్రాసినవారు మసాలియా యనియు, మైసోలియా యనియు పేర్కొని, ఇచటి సన్నని నూలుబట్టలను కొనియాడిరి. అది విని మాకు మా ప్రాంతము జ్ఞప్తికి వచ్చినది. పెద్దపల్లికి సమీపమున పెద్దబొంకూరులో త్రవ్వకములు జరిపినపుడు వేలకొలది శాతవాహన నాణెములతోపాటు రోమక చక్రవర్తుల వెండినాణెములును దొరకినవి. ఏ యోడలో వచ్చి, ఏ రేవున దిగి, ఎన్ని చేతులు మాఱి అవి మా చెలకలకు చేరినవో! సముద్రము మాకు దూరమని మేము తలంచుచుంటిమి గాని, సముద్రము మమ్మెన్నడో వచ్చి పలుకరించి పోయినది.

గోలకొండ సుల్తానుల కాలమున ఇది వారి రాజ్యమునకు ప్రధానమైన రేవు. వలందులు 1605లో వచ్చి ఇచట వర్తకశాల పెట్టిరి. ఆంగ్లేయులు 1611లో దిగిరి. ఫ్రెంచివారు 1669లో వచ్చిరి. 1750లో పట్టణము వారి వశమైనది. 1759లో ఆంగ్లేయులు కోటను ముట్టడించి పట్టుకొనిరి. ఈ సంవత్సరములన్నియు మావారికి కంఠస్థములే. అయినను మా చెల్లెలు చెప్పుచుండగా ఆయన బాలునివలె వినుచుండిరి.

ఎండ ముదురకమునుపే బందరుకోటకు పోయితిమి. కోటయన్న పేరే గాని, చెట్లు మొలచిన గోడలును, పైకప్పు లేని కట్టడములును మిగిలినవి. దాపున వలందుల శ్మశానము కలదు. పెద్ద పెద్ద నల్లరాతిపలకలమీద వారి కులచిహ్నములును, లేఖనములును చెక్కి యున్నవి. ఎంత నేర్పుగా చెక్కిరనగా, మూడువందల యేండ్ల వానలకును అక్షరముల అంచులు పూర్తిగా అరుగలేదు. ఆ లిపి మాకు తెలియదు. అయినను ఒక్కసంగతి తెలిసినది: వీరు ఆఱునెలలకు పైగా ఓడలలో వచ్చి, మరల పోలేక ఈ మట్టిలో కలసినవారు. వీరి తల్లులును అక్కచెల్లెండ్రును ఎన్ని యేండ్లు జాబులకై ఎదురుచూచిరో! రెండు జాబులకు బదులు వ్రాయని మాకు అచట ఎక్కువసేపు నిలువ మనసొప్పలేదు.

ఇంత గొప్ప రేవు ఎట్లు క్షీణించినదని మావారు మఱదిగారిని అడిగిరి. కృష్ణానది తెచ్చు ఒండ్రుమట్టి తీరమంతయు మేట వేయుచుండుటచే ఇచట లోతు తక్కువ. పెద్ద ఓడలు ఒడ్డునకు రాలేక నడిసముద్రముననే లంగరు వేసెడివి. సరకులను పడవలమీద చేరవేసెడివారు. ఓడలు పెరిగినకొలది ఈ కష్టము పెరిగినది. వర్తకము చెన్నపట్టణమునకును, 1933లో రేవు తెఱచిన పిమ్మట విశాఖపట్టణమునకును మరలినది. "రేవు ఒక్కనాట చావలేదు వదినగారూ! ఏటికి కొంచెము చొప్పున పూడినది" అని మఱదిగారనిరి. క్రొత్త ఓడరేవునకు 2023లో పనులు ప్రారంభమైనవట. గిలకలదిండి చేపలరేవులో ఏటి మొగను త్రవ్వి పూడిక తీయుటను గూర్చియు ఆయన చెప్పిరి. "ఒక్కమారు తీసిన చాలదు. తీసిన మఱునాటినుండియే మరల పూడుచుండును" అనిరి.

బందరును గూర్చి చెప్పునపుడు ఉప్పెనలను విడువరాదు. 1864వ సంవత్సరము నవంబరు 1వ తేదీరాత్రి సముద్రము పట్టణముమీదికి వచ్చినది. ముప్పదివేలమంది మరణించిరని గ్రంథములలో నున్నది. 1977 నవంబరు 19న సమీపమున దివిసీమను మఱియొక ఉప్పెన ముంచివేసినది. మా చెల్లెలి అత్తగారి పుట్టినిల్లు దివిసీమ. మధ్యాహ్నము భోజనముల వేళ ఆమె పాతకంచుచెంబుతో మంచినీరు తెచ్చి యిచ్చి, మేము త్రాగునంతవఱకు నిలుచుండి, "మా అక్కగారి యింట ఇది యొక్కటే దొరికినదమ్మా" అనెను. అంతకుమించి ఆమె ఏమియు చెప్పలేదు. మేమును అడుగలేదు.

సాయంకాలము చల్లబడిన పిమ్మట మరల నడచితిమి. 1902లో కృష్ణాపత్రిక పుట్టినది ఈ యూరిలోనే. 1910లో కోపల్లె హనుమంతరావుగారు మొదలగువారు ఆంధ్ర జాతీయ కళాశాలను స్థాపించినది ఇచటనే. జాతీయపతాకమును కూర్చిన పింగళి వెంకయ్యగారు ఈ కళాశాలయందు పనిచేసిరి. జపానుభాష నేర్చినవారగుటచే ఆయనను జపాను వెంకయ్యగారని పిలిచెడివారు. 1923లో పట్టాభి సీతారామయ్యగారు ఆంధ్రాబ్యాంకును ఇచట ప్రారంభించిరి. అది 2020లో వేఱొక బ్యాంకులో కలసిపోయినది.

సోదరీమణులకు ముఖ్యముగా తెలుపవలసిన సంగతి యొకటి కలదు. 1902లో భండారు అచ్చమాంబగారును, ఓరుగంటి సుందరీరత్నమాంబగారును బందరులో బృందావన స్త్రీసమాజమును స్థాపించిరి. అచ్చమాంబగారు బడికి పోయి చదివినవారు కారు. ఇంట తమ్మునితోపాటు అక్షరములు నేర్చుకొన్నవారు. ఆ తమ్ముడే కొమఱ్ఱాజు లక్ష్మణరావుగారు. ఆమె స్త్రీల చరిత్రములు సేకరించి "అబలా సచ్చరిత్ర రత్నమాల" వ్రాసి, 1905లో చిన్నవయసుననే స్వర్గస్థులైరి. స్త్రీలు గడప దాటుటయే వింతగా నున్న దినములలో ఆమె ఊరూర తిరిగి స్త్రీలను ఒకచోట కూర్చుండజేసినది. ఇంట చదువుకొన్న మేము ఆ సంగతి విని, చదివినదంతయు మాలోనే దాచుకొంటిమి గదా యని సిగ్గుపడితిమి.

మఱునాడు ఉదయము పెడన పోయితిమి. బందరు కలంకారీ నేడు ముఖ్యముగా ఆ యూరనే సాగుచున్నది. కాళహస్తిలోవలె కలముతో వ్రాయుటగాక, ఇచట టేకుచెక్కలో చెక్కిన అచ్చులతో అద్దుదురు. ముందుగా గుడ్డను కరక్కాయపొడి కలిపిన పాలలో తడిపి ఆరవేయుదురు. తుప్పుపట్టిన ఇనుమును బెల్లపునీటిలో దినములకొలది పులియబెట్టి నల్లరంగు తీయుదురు. ఎఱుపు కావలసినచోట పటికనీటితో అద్దుదురు. అద్దినపుడు ఆ రంగు ఉన్నదో లేదో తెలియదు. పారెడు నీటిలో జాడించి, చెక్కలును ఆకులును వేసి కాగులలో ఉడికించిన పిమ్మట మాత్రమే ఎఱుపు తేలును. ఒక్కగుడ్డ చేతికి వచ్చుటకు ఎన్ని దినములో, ఎన్ని ఉదుకులో!

ఈ తీరపు అద్దకపుబట్టలపై ఐరోపావారికి ఎంత మోజు కలిగినదనగా, తమ నేతగాండ్రు చెడిపోవుచున్నారని ఫ్రాన్సు 1686లోను, ఇంగ్లండు 1721లోను అట్టి బట్టలను నిషేధించవలసి వచ్చినది. వలందులు ఈ తీరపు బట్టలను తూర్పుదీవులకును, జపానునకును ఓడలలో తీసికొనిపోయిరి. 1641 మొదలుకొని జపానులో వారికి నాగసాకి రేవులోని చిన్న లంకలో మాత్రమే ఉండుటకు అనుమతి యుండెను. అచటివారు ఈ బట్టలకు సరస యని పేరుపెట్టి, ముక్కముక్కను పదిలపఱచి, తేనీటి యుత్సవములలో వాడు పాత్రలకు సంచులు కుట్టుకొనెడివారు. మన పల్లెలో చెరువుగట్టున ఆరవేసిన గుడ్డ అంత దూరమున అంత గౌరవము పొందినదని వినగా మాకు ఆనందమైనది. మా చెల్లెలు మాకొక దుప్పటి కొనిపెట్టినది. వెల చెల్లించబోగా మా చేయి పట్టుకొన్నది. ఆఱేండ్ల తరువాత ఆమె మమ్ము తాకుట అదియే మొదలు.

ఆ సాయంకాలమే మంగినపూడి తీరమునకు పోయితిమి. అచట ఇసుక లేదు, నల్లని మెత్తనినేల. ఎంతదూరము పోయినను నీరు మోకాళ్లు దాటలేదు. గ్రంథములలోని ఘోషయు, గాంభీర్యమును వెదకికొనుచు నిలుచుంటిమి. కనబడినది మాత్రము మట్టిరంగు నీరును, దాని చివర ఆకాశమును. అయినను కన్నులు నిండినవి.

అచటనే సంచి విప్పి గుండ్లపేరు చెల్లెలి చేతిలో పెట్టితిమి. "ఆనాడు అనరాని మాట అంటిమి" అని చెప్పితిమి. ఆమె చాలసేపు గుండ్లను ఒక్కొక్కటిగా లెక్కించినది. చిన్ననాడు తల్లిగారి ఒడిలో కూర్చుండి అట్లే లెక్కించెడిది. చిలకలపూడి బంగారమునకు ప్రసిద్ధికెక్కిన యూరిలో కాపురముండి, మెఱుగుపూత నగలు ఎన్నియో కొనుక్కొనినదట. "వీటిలో అమ్మ వాసన యుండదు గదా అక్కా" అన్నది. మేము పేరు తెంపి సగముసగము పంచుకొందమంటిమి. ఆమె వలదన్నది.

"తెంపిన పిమ్మట నీ సగము నీకును, నా సగము నాకును. ఇంక ఒకరితో ఒకరికి పనియేమి? దీనిని మాఘమునుండి శ్రావణమువఱకు నాయొద్ద నుంచెదను. శ్రావణమున తెచ్చి నీకిచ్చెదను. మరల మాఘమున నీవు తేవలెను. పేరు తెచ్చుటకైనను ఒకరి గడప ఒకరు తొక్కుదుము."

మఱదిగారు రేవును గూర్చి చెప్పిన మాట మావారికిని జ్ఞప్తికి వచ్చియుండును. ఆయన మావంక చూచి చిరునవ్వు నవ్విరి.

సోదరీమణులారా! మీకును దూరమున ఒక చెల్లెలో, ఆడబిడ్డయో, బాల్యసఖియో యుండవచ్చును. బదులు వ్రాయని జాబు పెట్టె అడుగున నుండవచ్చును. పూర్తిగా పూడువఱకు ఆగవలదని మాత్రము మా మనవి. మేము బందరు లడ్డులతోను, కలంకారీ దుప్పటితోను, ఖాళీ నగల డబ్బీతోను పెద్దపల్లి చేరితిమి. శ్రావణమాసపు మొదటి శుక్రవారమునకు చెల్లెలు వచ్చెదనని వ్రాసినది. ఆ జాబునకు ఆనాడే బదులు వ్రాసితిమి.