ఎడమ అద్దం

సాలూరువాళ్లకు లారీ గురించి ఒకరు చెప్పనక్కర్లేదు. కోరాపుట్ వెళ్లే 26వ నంబరు జాతీయ రహదారి మా ఊరి మీదుగానే ఘాటీ ఎక్కుతుంది. ఎన్నో ఇళ్లలో కూడు ఆ రోడ్డు మీదే.

నేను బీఎస్సీ ఫిజిక్సు చదివి మా నాన్న లారీ ఎక్కినవాణ్ణి. కుంభాకార దర్పణంలో ప్రతిబింబం నిటారుగా, చిన్నదిగా ఉంటుందని రాసి మార్కులు కొట్టినవాణ్ణే. రామభద్రపురం దగ్గర ఆటోను ఓవర్‌టేక్ చేసి, ఎడమ అద్దంలో చూసి బండిని ఎడమకు లాగుతుంటే క్లీనరు అరిచాడు: "ఉండండి గురువుగారూ, ఇంకా వెనక చక్రం దాటలేదు!"

"ఏటి దాటకపోవడం? అల్లంత దూరాన ఉంది గదా!"

ఆటో మార్జిన్‌లోకి దిగి గట్టుకు గుద్దుకుంది. అందులో కూర్చున్నామె చెయ్యి విరిగింది. ఆటోవాణ్ణి తిట్టాను, అద్దాన్నీ తిట్టాను. ఆసుపత్రి ఖర్చులు కట్టి ఇంటికొచ్చాక కాగితం తీసుకుని లెక్క వేశాను.

ఎడమ అద్దం కుంభాకార దర్పణమే. దాని వక్రతా వ్యాసార్ధం 120 సెంటీమీటర్లు అనుకుందాం. నాభ్యంతరం అందులో సగం, 60. అద్దానికి 12 మీటర్ల వెనక ఉన్న ఆటో ప్రతిబింబం అసలు పరిమాణంలో 21వ వంతు. అది ఏర్పడేది అద్దం లోపల 57 సెంటీమీటర్లలోనే! ప్రతిబింబం దగ్గరికే వచ్చింది, దూరం పోలేదు. కానీ మెదడు దాన్ని లెక్కచెయ్యదు. ఆటో ఎంత ఉంటుందో దానికి ముందే తెలుసు కాబట్టి, చిన్నగా కనిపిస్తే దూరంగా ఉందని తేల్చేస్తుంది. డ్రైవరు కన్ను ఎడమ అద్దానికి 2 మీటర్ల దూరంలో ఉంటే, మామూలు అద్దంలో సుమారు 50 మీటర్ల అవతలి ఆటో ఎంత కనిపిస్తుందో ఇదీ అంతే. పైగా అద్దం ఉండేది లారీ ముందు భాగంలో. బండి పొడవు 10 మీటర్లు తీసేస్తే అలాంటి ఆటోకీ లారీకీ మధ్య మిగిలేది 2 మీటర్లే.

అలాగని కుంభాకార దర్పణం పీకెయ్యమనను. సమతల దర్పణం చూపలేనంత వెడల్పు రోడ్డు అది చూపిస్తుంది. ఘాటీ మలుపుల్లో పెట్టేదీ అందుకే. బండి ఉందా లేదా అన్నంతవరకే దాని మాట నమ్మాలి, ఎంత దూరం అన్నది దాన్ని అడక్కూడదు.

కారైనా లారీ అయినా, బండి ఆపి ఉన్నప్పుడు ఒక మనిషిని వెనక ఎడమ పక్కగా పన్నెండు అడుగుల్లో నిలబెట్టి పక్క అద్దంలో చూడండి. తర్వాత తల తిప్పి చూడండి.