జపాను వంటకు కోనసీమ నిప్పు

గోదావరి సముద్రాన్ని చేరబోయేముందు పాయలుగా చీలుతుంది. గౌతమికీ వసిష్ఠకూ నడుమ, వైనతేయ పాయకు ఇరువైపులా ఉన్న పచ్చని సీమే కోనసీమ. రావులపాలెంనుంచి కొత్తపేట మీదుగా అమలాపురం వెళ్లినా, అక్కడినుంచి రాజోలు వెళ్లినా దారిపొడవునా కొబ్బరితోటలే. నడుమనున్న అంబాజీపేట కొబ్బరి వ్యాపారానికి పేరుపొందిన ఊరు.

పిల్లలూ! కొబ్బరిచెట్టులో పారవేయదగినది ఏదీ లేదు. పీచు తాళ్లకు, ఈనెలు చీపుళ్లకు, చిప్పలు బొగ్గుకు పనికివస్తాయి. ఆ ఈనెలతో, ఆ బొగ్గుతో జపాను దేశపు వంట ఒకటి మన పెరట్లోనే చేసుకోవచ్చు. దాని పేరు యాకిటోరి. జపాను భాషలో ‘యాకి’ అంటే కాల్చినది, ‘టోరి’ అంటే పక్షి. కోడిమాంసం ముక్కలను పుల్లకు గుచ్చి నిప్పులపై కాలుస్తారు.

ఒకప్పుడు ఆ దేశంలో కోడిని తినడానికే ఆటంకం ఉండేది. క్రీ.శ. 675లో తెమ్ము చక్రవర్తి ఆవు, గుర్రం, కుక్క, కోతి, కోడి - వీటి మాంసాన్ని ఏటా కొన్ని నెలలు తినరాదని శాసించాడు. నేడో, అక్కడి పట్టణాలలో యాకిటోరి అంగళ్లకు లెక్కలేదు.

మన మారేడుమిల్లి కొండలలో కోడిమాంసాన్ని పచ్చి వెదురుబొంగులో కూరి కాలుస్తారు. అదే బొంగు చికెన్. అక్కడ ముక్క బొంగులోని ఆవిరికి ఉడుకుతుంది. యాకిటోరిలో అడ్డమేమీ లేదు. వేడి నేరుగా ముక్కకు తగులుతుంది. కనుక నిప్పు మంచిదైతేనే వంట బాగుంటుంది.

మంచి నిప్పు అంటే ఏది? కట్టె మండితే పొగ వస్తుంది, మంట ఎగురుతుంది. చాలినంత గాలి తగలనీయకుండా చిప్పలను కాల్చితే, పొగగా పోయేదంతా ముందే పోయి, చాలామటుకు కర్బనమే బొగ్గుగా మిగులుతుంది. ఆ బొగ్గును రాజేస్తే పొగ అంతగా లేకుండా నిలకడగా కణకణలాడుతుంది. జపానువారు ఒక ఓక్ జాతి చెట్టు కట్టెతో ‘బించోటాన్’ అనే గట్టి బొగ్గు చేస్తారు. మన చిప్ప బొగ్గు కూడా గట్టిదే. అందులో కంటికి కానరాని రంధ్రాలు ఎన్నో ఉంటాయి. అందుకే మొదటి ప్రపంచ యుద్ధకాలంలో విషవాయువులను అడ్డుకునే ముసుగులలో దానిని వాడారు. నేడు నీరు శుద్ధిచేసే పరికరాలలో వాడుతున్నారు.

ఇక చేసే పద్ధతి. నిప్పు, కత్తి పనులు పెద్దలవి. గుచ్చడం, విసరడం మీవి. లావుపాటి ఈనెలను అరగంట నీళ్లలో నానబెట్టండి. తడిసిన ఈనె త్వరగా కాలదు. ఇండోనేషియాలో ‘సాతే’ అనే వంటకు కూడా ఈనెలనే వాడతారు. అరకిలో ఎముకలు లేని తొడమాంసాన్ని అంగుళం ముక్కలుగా కోసి, రెండేసి ఈనెలను జంటగా పట్టుకొని, ముక్కకూ ముక్కకూ మధ్య ఉల్లిపాయ పెట్టి గుచ్చండి. పచ్చిమాంసం తాకిన చేతులనూ, కత్తినీ సబ్బుతో కడగండి.

నాలుగు చెంచాల సోయా సాస్, నాలుగు చెంచాల నీళ్లు, మూడు చెంచాల బెల్లం, కొంచెం అల్లం కలిపి చిక్కబడేవరకు కాచండి. సోయాచిక్కుళ్లు, గోధుమలు, ఉప్పు కలిపి పులియబెడితే వచ్చేదే సోయా సాస్. జపానువారు తీపికి బియ్యంతో చేసే ‘మిరిన్’ పోస్తారు. మనకు బెల్లం ఉన్నది.

పెరట్లో ఇటుకలను రెండు వరుసలుగా పేర్చి, నడుమ బొగ్గు రాజేయండి. పైన తెల్లని బూడిద పట్టేదాకా ఆగండి. ఈనెల కొసలు ఇటుకలమీద, ముక్కలు నిప్పులపైన ఉండాలి. తాటాకు విసనకర్రతో విసురుతూ, తిప్పుతూ కాల్చండి. జపాను వంటవాడి చేతిలోనూ విసనకర్ర ఉంటుంది! పానకం చివరనే పూయాలి. ముందు పూస్తే బెల్లం మాడుతుంది, ముక్క లోపల పచ్చిగానే ఉంటుంది. పెద్ద ముక్కను కోసి చూడండి. లోపల ఎర్రదనం ఉంటే ఇంకా కాల్చాలి.

ఒక్క మాట మరువకండి. బొగ్గుల కుంపటిని ఇంటిలోపల, తలుపులు మూసిన గదిలో ఎన్నడూ పెట్టరాదు. వానపడినా, చలివేసినా సరే. రాజుకున్న బొగ్గునుంచి కార్బన్ మోనాక్సైడ్ వస్తుంది. దానికి రంగు లేదు, వాసన లేదు. పొగ లేదు కదా అని నమ్మి నిద్రపోయినవారు మళ్లీ లేవకపోవచ్చు.

వంట ముగిశాక నిప్పులపై నీళ్లు చల్లి పూర్తిగా ఆర్పండి. చల్లారిన బూడిదను కొబ్బరిచెట్టు మొదట్లో వేయండి. అందులోని పొటాషు చెట్టుకు ఆహారం.