వట్టి నడుము నొప్పి

నేను ఎదురుకాళ్ళతో పుట్టాను. మా ఎర్రుపాలెంలో దానికొక ప్రయోజనం ఉండేది. నడుము పట్టినవారిని ఎదురుకాళ్ళతో పుట్టినవాడు కాలితో తొక్కితే పట్టు వదులుతుందని నమ్మకం. అలా ఆరేడేళ్ళకే నాకు వైద్యవృత్తి సంక్రమించింది. వరినాట్ల కాలంలోనూ, సంక్రాంతి దాటాక మిరపకోతల్లోనూ పొద్దుగూకే వేళకు ఎవరో ఒకరు వచ్చి మా అరుగు మీద బోర్లా పడుకునేవారు. నేను గోడ పట్టుకుని మెల్లగా మూడుమార్లు కాలు మోపేవాడిని. ప్రతిఫలం ఒక జామకాయో, బెల్లం ముక్కో. నొప్పి ఎందుకు వచ్చిందని నేనడగలేదు, వారూ చెప్పలేదు.

పెద్దయ్యాక కూడా నా బతుకు పరాయి నడుములతోనే ముడిపడింది. హైదరాబాదులో మెడికల్ కోడింగు ఉద్యోగం. అమెరికాలో వైద్యుడు రాసిన వివరాలు చదివి, రోగానికి ఐసీడీ పట్టికలోని సంకేతం వేయడం నా పని. సంకేతం తప్పయితే బీమావారు బిల్లు తిప్పి పంపుతారు. 1893లో ఫ్రెంచి గణాంకవేత్త బెర్తియాఁ మరణకారణాలను వర్గీకరించి పెట్టిన జాబితా పెరిగి పెరిగి ఈ పట్టిక అయింది. చావుల లెక్కకోసం పుట్టినది, ఇప్పుడు బతికున్నవారి నడుములను లెక్కిస్తోంది.

నేను చేరిన కొత్తలో నడుము నొప్పి 724.2. 2015 అక్టోబరు 1న అమెరికా పదో కూర్పుకు మారినప్పుడు అది ఎం54.5 అయింది. 2021 అక్టోబరు 1 నుంచి అదీ చెల్లలేదు, మూడు ముక్కలైంది. వెన్నుపూసల అంచు పలకల్లో పుట్టే నొప్పికి 51, ఇతర రకాలకు 59, ఏదని వివరం లేనిదానికి 50. నొప్పి కాలిలోకి దిగితే వేరే సంకేతం, అందులో కుడికాలికొకటి, ఎడమకాలికొకటి. డిస్కు జారితే ఇంకొకటి. ఆసుపత్రిలో చేరకుండా చూపించుకుని వెళ్ళినవారి విషయంలో మాకొక గట్టి నియమం ఉంది. వైద్యుడు 'ఫలానా అయి ఉండవచ్చు' అని రాస్తే ఆ ఫలానాకు సంకేతం వేయరాదు, తెలిసిన లక్షణానికే వేయాలి. ఊహించడం కోడరు పని కాదు. నాకీ నియమం ఇష్టం. మనుషులు కూడా పాటిస్తే బాగుండుననిపిస్తుంది.

రెండేళ్ళ క్రితం కోతల నడుమ అమ్మ నడుము పట్టేసింది. ప్యాసింజరులో ఖమ్మం తీసుకువెళ్ళాను. డాక్టరు శ్రద్ధగా చూశాడు. జ్వరముందా, బరువు తగ్గారా, కాళ్ళు తిమ్మిరెక్కుతున్నాయా, మూత్రం ఆపుకోగలుగుతున్నారా అని అడిగాడు. అన్నిటికీ భయపడనక్కరలేని సమాధానాలే. స్కానింగు అక్కరలేదు, మంచానపడి ఉండవద్దు, నడుస్తూ ఉండమన్నాడు. చీటీ మీద 'నాన్ స్పెసిఫిక్' అని రాశాడు. నా లెక్కలో ఎం54.50.

తిరుగు ప్రయాణంలో అమ్మ అడిగింది, "ఏం జబ్బన్నాడ్రా?"

"పేరు పెట్టదగ్గ జబ్బేమీ లేదమ్మా. వట్టి నడుము నొప్పే."

బోనకల్లు దాటేదాకా ఆమె మాట్లాడలేదు. ఆ తరువాత, "వట్టిదైతే నేను నటిస్తున్నట్టా?" అంది. అప్పుడు బయటపడింది. వారం రోజులుగా ముఠామేస్త్రి ఆమెను కోతకు పిలవడం లేదు. "వంగలేక సాకులు చెబుతోంది" అని నలుగురిలో అన్నాడట. డాక్టరు చేత ఒక పేరు రాయించుకుని వెళ్ళి అతనికి చూపాలని ఆమె ఆశ.

2020లో ప్రపంచమంతటా 61 కోట్ల 90 లక్షలమందికి నడుము నొప్పి ఉందని అంచనా. వారిలో అత్యధికులకు ఇదీ కారణమని వేలు పెట్టి చూపడం సాధ్యం కాదు. నొప్పిలేనివారి స్కానింగులోనూ డిస్కు ఉబ్బు కనిపిస్తుంది. కారణం దొరకకపోవడం వేరు, నొప్పి లేకపోవడం వేరు. ఇది కొత్తగా చేరిన కుర్రాళ్ళకు ఎన్నిసార్లు పాఠం చెప్పానో! అమ్మకు చెప్పవలసి వచ్చినప్పుడు మాత్రం 'వట్టి' అనే మాట నోటికి వచ్చింది.

ఇంటికి చేరాక నాకు చేతనైనట్టు విప్పి చెప్పాను. విన్నదో లేదో, "మీ ఆఫీసులో దీనికేం రాస్తారు?" అని అడిగింది. చెప్పాను. చీటీ వెనుక రాసిమ్మంది. రాసిచ్చాను. కొంగున ముడి వేసుకుని, అరుగు మీద బోర్లా పడుకుని, "ఓసారి తొక్కు" అంది. ఇప్పుడు నా బరువు డెబ్బై అయిదు కిలోలు. బొటనవేలు మాత్రం ఆనించాను.

మరునాడు ఆ చీటీ మేస్త్రికి చూపించి వచ్చింది. ఎం యాభైనాలుగు పాయింట్ యాభై అనగానే అతను కాసేపు దాన్ని తిప్పి తిప్పి చూశాడట. ఛత్తీస్‌గఢ్ నుంచి అడవులు దాటి వచ్చిన కూలీలతో కోత నడిపించుకుంటానని, అమ్మను కళ్ళంలో తాలుకాయలు ఏరే పనికి రమ్మని చెప్పాడట. ఆ వచ్చినవాళ్ళ నడుములకు చీటీ రాసేవారెవరో తెలియదు. కళ్ళంలో పని అంటే నేను సంతోషించాను గాని, వెళ్ళి చూస్తే అదీ రోజంతా వంగి చేసే పనే.