కొండ క్రింది పేట

కోటలను చూడబోవువారు సామాన్యముగా ముందు కొండ యెక్కి, బురుజులను లెక్కించి, గుండ్లపై నిలిచి నాలుగు దిక్కులును పరికించి, ఆ తరువాత తీరిక చిక్కినచో క్రిందనున్న ఊరివైపు ఒకమారు చూపు సారింతురు. కళ్యాణదుర్గమున నేనీ క్రమమును తలక్రిందులు చేసి మొదట అంగడివీధిలోనికి పోతిని. ఏలయన ఈ ఊరికి పేరు దుర్గమువలన వచ్చినను, కూడు మాత్రము పేటవలననే వచ్చినదని నాకు చాలకాలమునుండి ఒక అనుమానము కలదు.

అంగడివీధి ఉదయముననే సందడిగా నుండెను. వేరుసెనగకాయల మూటలు, చింతపండు తట్టలు, ఎడ్లకు వలయు పగ్గములు, ముగుదాళ్ళు, పూసలదండలు, నడుమ ఎచ్చటనో ఒక మూల మడిచిపెట్టిన నల్లకంబళ్ళు. ఒక దుకాణదారుడు నాతో తెలుగున ధర చెప్పి, మరుక్షణమున ప్రక్కనున్న రైతుతో కన్నడమున లెక్క తేల్చుచుండెను. ఆ మార్పు అతనికి తెలిసియే జరుగుచున్నట్లు లేదు. సరిహద్దు అనునది పటములపై గీతయేగాని ఇచ్చట వ్యాపారమునకు అడ్డము కాదు. 1953వ సంవత్సరము అక్టోబరు 1వ తేదీన ఆంధ్రరాష్ట్ర మేర్పడినప్పుడు పొరుగుననున్న రాయదుర్గము తాలూకా బళ్ళారి జిల్లానుండి విడివడి అనంతపురముతో చేరినది. అయినను ఆ తాలూకా జనులు ఏ సంతకు పోవుదురో ఆ సంతకే పోవుచు వచ్చిరి.

ఈ సీమ స్వభావము నెరుంగనిదే ఈ పేట చరిత్ర బోధపడదు. తూర్పున పెన్న, పడమట వేదవతి. రెండును నీటికంటె ఇసుకనే ఎక్కువగా మోయు నదులు. నైరృతి ఋతుపవనమును పడమటి కనుమలు అడ్డగింపగా, ఈశాన్య ఋతుపవనము తీరమునుండి ఇంతదూరము వచ్చుసరికి నీరసించిపోవును. కావుననే ఈ ఊరున్న అనంతపురము జిల్లాలో ఏటి సగటు వర్షపాతము సుమారు 550 మిల్లీమీటర్లే యగుటయు, దేశమున రాజస్థానపు జైసల్మేరు తరువాత ఈ జిల్లానే వానకొరతకు ఉదాహరింపబడుటయు. ఇట్టి నేలపై వరి పండించి బ్రతుకువారు కొందఱే. తక్కినవారు గొఱ్ఱెలను, మేకలను, పశువులను మేపి, కొఱ్ఱలు, ఉలవలు పండించుకొని, ఉప్పునకును వక్కకును ఇనుమునకును పొరుగుసీమల ముఖము చూడవలసినవారు. నేల చాలనిచోట బాట అవసరమగును; బాట యున్నచోట దానిని కాచువాడును, దోచువాడును, ఒక్కొక్కప్పుడు రెండు పనులను తానొక్కడే చేయువాడును పుట్టును.

మనుష్యుడు ఈ గుట్టల నడుమ నివసించుట నిన్నటి మాట కాదు. ముదిగల్లు సమీపమున రాతిపలకలతో కట్టిన బృహచ్ఛిలాయుగపు సమాధులున్నవి. కాని దుర్గముతోడి చరిత్ర పదునాఱవ శతాబ్దమునుండి మొదలు. కల్యాణప్ప యను బోయ నాయకుడు ఇచ్చట దుర్గమును నెలకొల్పెననియు, ఆతని పేరే ఊరికి వచ్చెననియు స్థలచరిత్రము. 1565లో తళ్ళికోట యుద్ధమున విజయనగరము కూలిన పిమ్మట రాయలకొలువునకు కప్పము కట్టుచుండిన నాయకులందఱును ఎవరి కొండకు వారే రాజులైరి. పెనుగొండ చేజాఱగా కోనేటినాయకుని వంశమువారు కుందుర్పి దుర్గమును, పిదప రాయదుర్గమును తమ నివాసముగా చేసికొనిరి. పడమట చిత్రదుర్గమున మదకరినాయకుల వంశము, ఉత్తరమున గుత్తిలో మరాఠా మురారిరావు ఘోర్పడే. హైదరాలీ 1776లో గుత్తిని, 1779లో చిత్రదుర్గమును పట్టుకొనువఱకును ఈ కొండలన్నియు ఒకదానినొకటి అనుమానించుచు, అవసరమైనపుడు ఒకదానితోనొకటి వియ్యమందుచు కాలము గడపినవి.

మధ్యాహ్నపు టెండ కొంత తగ్గిన పిమ్మట అక్కమాంబ కొండవైపు నడచితిని. తంగేడు, బలుసు పొదలు, వాని నడుమ నాగజెముడు. దారిలో నాకెదురైనవారందఱును భక్తులే, చరిత్రకొఱకు వచ్చినవాడను నేనొక్కడనే. అమ్మవారు ఊరికి కాపు. కొండకు కాపు మనుష్యులని నాటివా రెంచిరి. పైనుండి చూచినపుడు నాకొక సంగతి స్పష్టమైనది. ఇచ్చటినుండి కానవచ్చునది శత్రుసేనలు వచ్చు దిక్కు మాత్రమే కాదు, బండ్లు వచ్చు దారులన్నియును. ధూళి లేచినచో ఎవరో వచ్చుచున్నారని ఒక జాము ముందుగనే తెలిసికొనవచ్చును. ఆ వచ్చువాడు దండనాయకుడైనచో తలుపులు మూసికొందురు. వర్తకుడైనచో దిగివచ్చి సుంక మడుగుదురు.

ఈ దుర్గముల నేలిన పాళెగాళ్ళను గూర్చి మనము చదువుకొనిన పుస్తకములు వారిని వీరులుగానో, దోపిడిగాండ్రుగానో చిత్రించి ఊరకుండును. వారు చేసిన వ్యాపారమును గూర్చి చెప్పువారు తక్కువ. నాటి కావలి కట్టుబాటు ప్రకారము ఊరివారు తమ పంటలో కొంత భాగమును, బాటసారులు తమ సరకులపై కొంత రుసుమును కావలివారికి చెల్లింపవలెను; అందుకు ప్రతిగా ఆ హద్దులలో పోయిన సొత్తునకు కావలివాడు జవాబుదారి. దొంగను పట్టియీయవలెను, లేదా నష్టమును తానిచ్చుకొనవలెను. ఊరూరను ఈ పనిచేసిన బోయ కావలివాని వెనుక పాళెగాని కత్తి యుండెను. పాళెగాని బొక్కసమునకు ఆ రుసుములో పాలుండెను. ఇది ధర్మమా, బెదిరింపా యని నేడు మనము తర్కింపవచ్చును. రెండును కలిసిన ఒక బేరమని నా మతము. కొండమనిషి పేటకు తెచ్చి అమ్మిన సరకు అభయము. దానిని కొననివానికి బాటలో ఏమగునో అమ్మువానికే బాగుగా తెలియును.

ఇచ్చట నాకు అమెరికా పడమటిసీమల ‘మౌంటెన్ మెన్’ కథ జ్ఞప్తికి వచ్చెను. రాకీ పర్వతములలో బీవరు జంతువులకు ఉచ్చులొడ్డి చర్మములు సేకరించుచుండిన ఆ వేటకాండ్రు 1825 మొదలు 1840 వఱకు ఏటేట వేసవిలో ఒకచోట కూడి, తూర్పునుండి వచ్చిన వర్తకులకు చర్మములిచ్చి మందుగుండును, కాఫీని, సారాయిని పుచ్చుకొనెడివారు. ఆర్కన్సా నదియొడ్డున 1833లో బెంట్ సోదరులు కట్టిన పచ్చియిటుకల కోట అట్టి వర్తకపు ఠాణాలలో పేరెన్నికగన్నది. ఐరోపాలో టోపీలకు బీవరు బొచ్చునకు బదులు పట్టు వాడుకలోనికి వచ్చుటతో వారి వ్యాపారము సన్నగిల్లినది. వేటకాండ్రలో పెక్కుమంది వలసబండ్లకును సైన్యములకును దారిచూపువారైరి. మన బోయలును వేటకాండ్రే, కొండదారు లెరిగినవారే. హైదరు, టిప్పుల సేనలలో పేరుపొందిన పదాతులైరి. అయితే అచ్చటి కొండమనిషి సంతకు చర్మము తెచ్చినాడు, ఇచ్చటివాడు సంతనే తన కొండనీడలో ఉంచుకొన్నాడు. కాబట్టియే అచ్చట మారినది టోపీ, ఇచ్చట మారవలసివచ్చినది ప్రభుత్వము.

ఆ మార్పు 1800 అక్టోబరులో వచ్చినది. టిప్పుతోడి యుద్ధములవలన తనకు వచ్చిన జిల్లాలను నిజాము కంపెనీవారికి ఒడంబడిక మూలమున ఒప్పగించినాడు. ఆ దత్తమండలమునకు ప్రధాన కలెక్టరుగా వచ్చిన థామస్ మన్రో అనంతపురమున మకాముచేసి చూచుసరికి, ఆ ప్రాంతమున ఎనుబదిమంది పాళెగాండ్రును, వారి క్రింద దాదాపు ముప్పదివేలమంది సాయుధులును ఉన్నట్లు తేలినది. ఎదిరించినవారిమీదికి జనరల్ కాంబెల్ సేనలతో పోయెను. లొంగినవారికి భరణమో, పూర్తి శిస్తుపై భూమియో లభించినది. రాయదుర్గపు గోపాలనాయకుడు అంతకుముందే నిజాము అధికారులచేత పట్టువడి హైదరాబాదు చేరి, పిదప గుత్తికి రప్పింపబడి, అచ్చటనే సగము బందీగా కన్నుమూసెను. 1807లో మన్రో వెడలిపోవునాటికి సీమలో సుంకమును, కావలిని, శిస్తును వసూలుచేయు అధికారము ఒక్క కచ్చేరికే మిగిలినది. రైతు ఇంతమంది చేతులకు కాక ఒక్కచేతికే చెల్లించుట సుఖమని మన్రో తలంచెను. ఆయన తలంపులో సత్యము లేకపోలేదు, ప్రజలు ఆయనను మండ్రోలయ్య యని స్మరించి బిడ్డలకు ఆ పేరు పెట్టుకొన్నమాటయు నిజము.

కాని కత్తి దించిన ఆ ముప్పదివేలమంది ఏమైరి? కొందఱు చేను దున్నిరి, కొందఱు క్రొత్త సర్కారువారి తలారులైరి. మిగిలినవారి చేతిలో పాత విద్య మాత్రము మిగిలినది, దానికి గిరాకి పోయినది. నూఱేండ్లు గడచిన తరువాత 1911 నాటి నేరస్థజాతుల చట్టము క్రింద బోయలలో కొందఱు పట్టికకెక్కిరి; బాట కాచినవాని మనుమలు రాత్రివేళ తాము ఇంటనే యున్నామని పోలీసువానికి హాజరు చెప్పుకొనవలసి వచ్చినది. మదరాసు రాష్ట్రమున ఆ చట్టము 1947లో రద్దయినది. కొండపైనున్న శిథిలములను చూచి నిట్టూర్చువారు ఈ సంగతిని గూర్చి నిట్టూర్చుట నేనెన్నడును వినలేదు.

పేట మాత్రము నిలిచినది. లంబాడీల గోనెయెడ్లు తీరమునుండి ఉప్పును, లోపలినుండి ధాన్యమును మోసికొనివచ్చుచుండెను. 1791-92లో టిప్పుపై దండెత్తిన కారన్‌వాలిస్ సేనకు తిండి చేర్చినవారు ఈ లంబాడీలే. మదరాసు రైలుమార్గము 1871 నాటికి గుత్తిమీదుగా రాయచూరు చేరుటతో ఆ యెడ్ల బారులకు పని తగ్గెను. అయిదేండ్లు తిరుగుసరికి ధాతనామ సంవత్సరపు కరువు వచ్చి ఎడ్లనేగాక మనుష్యులను సైతము పొట్టనబెట్టుకొనెను. రైలు ఈ ఊరిని చాలకాలము దూరమునుండియే పలకరించినది. రాయదుర్గమునుండి తుముకూరునకు వేయు మార్గము కళ్యాణదుర్గముమీదుగా సాగుట మొన్నమొన్నటి ముచ్చట.

అంగడివీధిలో చూచిన నల్లకంబళ్ళు నేయువారిని చూడక వెడలుటకు మనసొప్పలేదు. మరునాటి ప్రొద్దున సమీపముననే యున్న ఒక కురుబలపల్లెకు పోతిని. వీథినడుమ గుంజలు పాతి, వాని మధ్య పడుగు సాచి, ఒక వృద్ధుడును అతని కోడలును చింతపిక్కల గంజిని కుంచెతో పట్టించుచుండిరి. గంజి పట్టనిచో చేతితో వడికిన ఉన్నినూలు మగ్గముమీద నిలువదట. పిక్కలను వేయించి, పొట్టు తీసి, నానబెట్టి, రుబ్బి, కాచి ఇంత శ్రమపడి చేసిన ఆ గంజి వాసన పల్లె మొగముననే నన్నాహ్వానించినది. ఆ వాసనను నేను సువాసనయని వర్ణింపజాలను.

“బొచ్చు కత్తిరించేది ఏడాదికి రెండు తూర్లు సామీ,” యనెను ఆ పెద్దాయన, కుంచె ఆపకయే. “నల్లబొచ్చుకు రంగేసే పనిల్యా. గొర్రె ఎట్ల పుట్టిందో కంబళి అట్లే.”

వాన కురిసినచో తడియదా యని నేనడిగితిని.

“తడస్తాది. తడిసి బిగుస్తాది. బిగిసినాంక నీళ్లు లోపలికి దిగవు.” ఒక క్షణమాగి నవ్వుచు, “వానొస్తే గదా!” యనెను.

మగ్గము ఇంటిలో గుంటకు పైన బిగింపబడియుండెను. ఏకుట మగవారి పని, వడకుట ఆడవారి పని, నేయుట ఎవరికి ఓపిక యున్న వారి పని. సన్నని పట్టీ సాగి సాగి ఒక కంబళి యగుటకు ఎన్నో పూటలు పట్టును; దానిని తడిపి త్రొక్కి బిగువు తెప్పించుట మరియొక పని. గొఱ్ఱెలకాపరికి అదియే గొడుగు, అదియే పాన్పు, అదియే మూట. కురుబల దేవుడైన బీరప్ప కొలుపులో అదియే పీట. కళ్యాణదుర్గపు అంగడి ఏ రాజును నమ్ముకొని బ్రతికినదో నేను చెప్పజాలనుగాని, ఈ నల్లయున్నిని నమ్ముకొని మాత్రము తరతరములు బ్రతికినది. రాజులు మారినప్పుడెల్ల గంజి కాగుచునే యుండెను.

ఇప్పుడది చల్లారుచున్నది. మిల్లులలో తయారగు తేలికదుప్పటి చౌక. దక్కను జాతి ఉన్నిగొఱ్ఱెకు బదులు మాంసమెక్కువ యిచ్చు నెల్లూరు జాతిని పెంచుకొనుట లాభము, దానికి ఉన్ని యుండదు. కత్తిరించిన బొచ్చు కొనువాడు లేక పారబోసిన దినములును కలవని పెద్దాయన చెప్పెను. వర్తకులు రాకపోలేదు, వారు బెంగుళూరునకు లారీలలో గొఱ్ఱెలనే తోలుకొనిపోవుదురు.

“ముందు బొచ్చును జూసి ధర జెప్పేటోళ్లు సామీ. ఇప్పుడు నడుము పట్టి జూస్తారు.”

రాత్రివేళ మందలను లారీలలో నెక్కించుకొని దొంగలు పోవుచున్నారని అతని కుమారుడు ఫిర్యాదు చేసెను. అట్లయిన మందకు కావలి యెవరని యడిగితిని. మందకు తామే కావలియనియు, కళ్ళములో వేరుసెనగకాయ యున్న దినములలో మాత్రము ఆ కుప్పలకు రైతులందఱును కలిసి పొరుగుపల్లె మనిషి నొకనిని పెట్టుకొందురనియు చెప్పి, అప్పుడే ఆ దారిని పోవుచున్న నడివయస్కు నొకనిని చూపెను. ఆయన భుజముపై ఒక లాంతరు, చేత ఒక కఱ్ఱ. పూర్వమువలె కావలికి గింజలిత్తురా, రొక్కమిత్తురా యని నేనడుగగా ఆయన నావంక వింతగా చూచెను.

“గింజలిస్తే యాడ అమ్ముకునేది సామీ? రొక్కమే. అది గూడా సగం ముందిస్తేనే వస్తా.”