నేలయు వలస వచ్చినదే

మన సంఘపు కూటములలో పెద్దలు నలుగురు కలిసినప్పుడెల్ల, "మన పూర్వులు ఎచ్చటనుండి వచ్చిరి?" అను ప్రశ్న పుట్టకమానదు. ఒకరు బళ్ళారి సీమ అందురు. ఒకరు కృష్ణా తీరమందురు. ఇంకొకరు తమ యింటి ఆడపడుచును కాపాడుకొనుటకై రాత్రికి రాత్రి నది దాటి వచ్చిన కథ చెప్పుదురు. ఇవన్నియు వినదగినవే. కాని మనము వచ్చి నిలిచిన ఈ నేల ఎచ్చటనుండి వచ్చినదని అడిగినవారిని నేను చూడలేదు. ఆ ప్రశ్నకు నాకు తెలిసినంతలో సమాధానము చెప్పుట ఈ వ్యాసపు ఉద్దేశము.

నేను శాస్త్రజ్ఞుడను కాను. చదివినది పదవ తరగతి. కోవిల్‌పట్టి, విరుదునగరము ప్రాంతపు కచేరీలలో ముప్పదియారేండ్లు గుమాస్తాగిరి చేసి విశ్రాంతి పొందినవాడను. అడంగలు, చిట్టా, నేల తరములు చూపు రిజిస్టర్లు వ్రాసి వ్రాసి, కరిసల్, సెవ్వల్ అను రెండు మాటలు నా చేతికి అలవాటైనవి. మొదటిది నల్ల నేల, రెండవది ఎఱ్ఱ నేల. ఈ రెంటికిని భేదమెందుకు కలిగెనో తెలిసికొనవలెనను కోరికతో గ్రంథాలయములలో దొరికిన పుస్తకములు చదివితిని.

మొదట ఒక మాట ముచ్చట. మన యిండ్లలో కరిసల్ మన్నును రేగడి యని, రేగడ యని అందుము. ఈ మాటనే ఆంగ్లేయ భూశాస్త్రజ్ఞులు గ్రహించి, రెగుర్ అని వ్రాసికొనిరి. నేటికిని దేశమంతట పాఠ్యపుస్తకములలో నల్ల నేలకు ఆ పేరు కలదు. మన అవ్వలు పలికిన మాట శాస్త్రపు మాటయైనది. ఇది మన పిల్లలకు ఎందరు చెప్పుచున్నారు?

ఈ మాట మనవారితో ఇచ్చటికి వచ్చుట కాకతాళీయము కాదు. 1529లో విశ్వనాథ నాయకునితో మధురలో నాయక పాలన ఆరంభమైన పిమ్మట, పాళెములు ఏర్పడినవి. ఆ కాలమున తెలుగు కుటుంబములు పెక్కు దక్షిణమునకు దిగినవి. తామ్రపర్ణి ఒడ్డున కాలువ నీటి వరిపొలములు అప్పటికే ఇతరుల చేతిలో నుండెను. మిగిలినది వానపై ఆధారపడిన ఈ నల్లని మైదానము. రేగడి సేద్యము మనవారికి క్రొత్త కాదు. ఏ వానకు దున్నవలెనో, ఏ పదునున విత్తవలెనో తెలిసినవారు కావున, ఇతరులు అంతగా ఆశింపని చోట ఊళ్ళు కట్టిరి. ఎట్టయపురము, పాంచాలంకురిచ్చి పాలకులు తెలుగు మాటలాడినవారే. కోవిల్‌పట్టి దగ్గరి ఇడైసెవల్ గ్రామమున పుట్టిన కి. రాజనారాయణన్ గారు ఈ జీవితమునే తమిళమున వ్రాసి, 1991లో సాహిత్య అకాడమీ బహుమతి పొందిరి. వారి యింటి భాషయు తెలుగే.

ఇక నేల సంగతి. చిత్తిరై ఎండలలో కరిసల్ పొలమునకు పోయి చూడుడు. చేయి దూరునంత బీటలు కనబడును. ఐప్పసి వాన పడగానే ఆ బీటలు మూసికొని, నేల ఉబ్బి, కాలు పెట్టిన చోటనే దిగబడును. కారణమేమనగా, ఈ మన్నులోని బంకమట్టికి మాంట్‌మొరిల్లోనైట్ అను ఖనిజము ముఖ్యము. అది కంటికి కానరాని సన్నని పొరలుగా నుండును. కచేరీలో తడిసిన పాత దస్త్రమును చూచినవారికి ఇది సులభముగా తెలియును. కాగితముల నడుమ నీరు దూరి దస్త్రము లావగునట్లు, ఈ పొరల నడుమ నీరు చేరి మన్ను ఉబ్బును. ఎండినపుడు పొరలు దగ్గరయి నేల పగులును. పైమన్ను ఆ పగుళ్ళలో రాలి, మరల ఉబ్బినపుడు క్రింది మన్ను పైకి త్రోయబడును. నేల తన్ను తానే దున్నుకొనును. కనుకనే శాస్త్రజ్ఞులు దీనికి తిరుగుట యను అర్థము గల లాటిన్ మాటనుండి వెర్టిసోల్ అను పేరు పెట్టిరి.

ఏడాదికి సుమారు 70 సెంటీమీటర్ల వాన మాత్రమే, అదియు హెచ్చుపాలు మూడు నెలలలో, కురియు సీమలో ప్రత్తి, జొన్న, సజ్జ, మినుము, కొత్తిమీర పండుటకు ఈ బంకమట్టియే కారణము. వాన వెలసిన తరువాత కూడ అది తేమను విడువదు. ఈ మెట్ట సేద్యమును పరిశోధించుటకే 1901లో కోవిల్‌పట్టిలో వ్యవసాయ క్షేత్రము పెట్టిరి. నలుపును చూచి ఇది మిక్కిలి ఎరువుగల నేలయని భ్రమపడరాదు. దీనిలో ఆకు అలములు కుళ్ళిన సారము తక్కువే.

బడిలో మనము చదివినది వేరు. నల్ల నేల దక్కనులో పొంగిన లావానుండి పుట్టెనని పాఠము. మహారాష్ట్రమునకు, తెలంగాణములో కొంత భాగమునకు అది నిజమే. సుమారు 6 కోట్ల 60 లక్షల యేండ్ల క్రిందట పొంగిన ఆ శిల రాజమహేంద్రవరము దగ్గర కూడ కనబడును. కాని కోవిల్‌పట్టిలో బావి త్రవ్వినవారిని అడుగుడు. లావా శిల దొరకదు. నల్లమన్ను, దాని క్రింద సుక్కాన్ అను సున్నపు పలుకులు, ఆ క్రింద చారలుగల గట్టి నైస్ రాయి, కొన్ని చోట్ల చార్నొకైట్ అను నల్లరాయి. ఈ రాళ్ళే వేలకొలది యేండ్లు ఎండకు వానకు చివికి మన్నైనవి. మిట్టపల్లములే భేదమునకు ముఖ్య కారణము. మిట్టపై నీరు నిలువక దిగిపోవుటచే సున్నము కొట్టుకొనిపోయి, ఇనుము త్రుప్పు పట్టి మన్ను ఎఱ్ఱబడెను. పల్లమున నీరు నిలిచి, సున్నము చేరి, ఉబ్బు బంకమట్టి ఏర్పడి నల్లబడెను. సెవ్వలును కరిసలును ఒక తల్లి బిడ్డలే!

చార్నొకైట్ అను పేరుకు ఒక కథ కలదు. కలకత్తాలో జాబ్ చార్నాక్ సమాధిపై పరచిన రాయి మద్రాసు ప్రాంతపు రాయియని కనుగొని, 1893లో థామస్ హాలండ్ అను భూశాస్త్రజ్ఞుడు ఆ జాతి రాతికి చార్నాక్ పేరు పెట్టెను. మన ప్రాంతపు ఈ రాళ్ళు సుమారు 55 కోట్ల యేండ్ల క్రిందట భూగర్భమున మైళ్ళ లోతున కాగి గట్టిపడినవి. పైనున్నదంతయు అరిగిపోగా నేడు మనకు కనబడుచున్నవి. కళుగుమలైలో పాండ్యుల శిల్పులు 8వ శతాబ్దమున వెట్టువన్ కోయిలును శిఖరమునుండి క్రిందికి చెక్కిరి గదా, వారి ఉలి తాకినది అట్టి అగాధమునుండి వచ్చిన శిలనే. పందల్‌గుడి సున్నపురాయి కూడ అట్టిదే. అది పురాతన సముద్రపు అడుగున పేరుకొని, భూమిలో క్రుంగి, వేడికి స్ఫటికమైనది. నేడు సిమెంటై మన యిండ్ల గోడలయందున్నది.

అన్నిటికంటె ఆశ్చర్యకరమైనది చివరకు చెప్పుచున్నాను. భూమి పైపెంకు ఒక్కటిగా లేదు. పెద్ద పలకలుగా విడియున్నది. లోపలి వేడిమిచే అడుగున నున్న శిల మిక్కిలి మెల్లగా కదలుచుండగా, ఈ పలకలును కదలును. ఖండములు కదలునని 1912లో వెగెనర్ చెప్పినపుడు పెక్కుమంది పండితులు నవ్విరి. సముద్రపు అడుగును కొలిచిన తరువాత, 1960 దశకమున లోకము ఒప్పుకొనెను. మన దేశము ఒకప్పుడు ఆఫ్రికా, మడగాస్కర్, ఆస్ట్రేలియా, అంటార్కిటికాలతో కలిసియుండెను. ఆ మహాఖండమునకు గోండుల పేర గోండ్వానా యని పేరు. 1871లో విలియం కింగ్ ఇల్లెందు దగ్గర కనుగొన్న సింగరేణి బొగ్గు ఆ కాలపు అడవులదే. సుమారు 9 కోట్ల యేండ్ల క్రిందట మన నేల మడగాస్కరును విడిచి ఉత్తరమునకు సాగెను. సుమారు 5 కోట్ల యేండ్ల క్రిందట ఆసియాను తాకి హిమాలయమును లేపెను. నేటికిని ఏటేట 5 సెంటీమీటర్లవంతున, ఇంచుమించు మన గోరు పెరుగునంత వేగమున, సాగుచునేయున్నది. 2004 డిసెంబరు 26న సుమత్రా దగ్గర పలకలు జారగా లేచిన అల మన రాష్ట్రపు తీరమును ముంచినది. భూమి నిశ్చలమని ఎట్లు అనగలము?

కాబట్టి ఇక్కడి మూలవాసులెవరు, వలసవచ్చినవారెవరు అను వాదము వినునపుడెల్ల నాకు చిరునవ్వు వచ్చును. మనము వచ్చి అయిదువందల యేండ్లు కాలేదు. నేల తొమ్మిది కోట్ల యేండ్లుగా నడచుచున్నది. నేలయే వలసవచ్చినదైనపుడు, దానిపై ముందు వెనుకగా వచ్చి చేరినవారికి తగవెందుకు?

కాని నేల సుదీర్ఘ చరిత్ర మనల నిశ్చింతులను చేయరాదు. మూడేండ్ల క్రిందట మా ఉమ్మడి భూమి ఆరెకరములను ఇండ్ల స్థలములుగా అమ్మవలెనని మాటవచ్చినది. మా అన్నగారి కుమారుడు కోయంబత్తూరునుండి వచ్చి, "చిన్నాయనా, ఈ పుంజలో ఏముంది? నల్లమన్నేగదా!" అనెను. వాని మాటలో తప్పులేదు. వానలు కుదురుగా లేవు, కూలివారు దొరకరు, ప్రక్క పొలములన్నియు సీమకరువేలము క్రమ్ముకొన్నవి. నేను వానిని కోపింపలేదు. చేనిగట్టున కూర్చుండబెట్టి పైన వ్రాసినదంతయు చెప్పితిని. ఒక అంగుళము మన్ను ఏర్పడుటకు కొన్ని వందల యేండ్లు పట్టును. 2023 డిసెంబరులో కాయల్‌పట్టణమున ఒక్క దినమున 95 సెంటీమీటర్ల వాన కురిసినది. అట్టి వానకు గట్టు లేని చేనిమన్ను ఒక్క పూటలో పోవును. కట్టడముల క్రింద కప్పబడిన చేనును మరల చేనుగా చేయుట మన తరమున జరుగదు. అదియుగాక ఉబ్బి క్రుంగు నేలపై లోతులేని పునాదితో కట్టిన ఇండ్లు బీటలువారుట మన వీధులలోనే చూచుచున్నాము.

వాడు చాలసేపు మాటలాడలేదు. తుదకు నాలుగెకరములు అమ్మితిమి. అప్పులును, ఆడపిల్లల చదువులును ఉన్నవి, అది తప్పలేదు. రెండెకరములు నిలిచినవి. వానిలో గట్లు కట్టి, ఈ రెండేండ్లును మినుము, జొన్న వేసితిమి. లాభమని చెప్పుటకు లేదు, నష్టమును లేదు. మా అన్నగారి మనుమరాలు సెలవులకు వచ్చి, బీటలో పుల్ల పెట్టి లోతు కొలిచి, "తాతా, ఈ మన్నును తెలుగులో ఏమందురు?" అని తమిళమున అడిగినది. చెప్పితిని. ఆ మాట దానికి వచ్చినది.

సోదరులారా, సోదరీమణులారా, భూమిని అమ్మవద్దని నేననుటలేదు. ఎవరి అవసరము వారిది. అమ్మునది ఏమిటో తెలిసి అమ్ముడని మాత్రమే నా మనవి. సెలవులలో పిల్లలను కళుగుమలైకి తీసికొనిపోయినపుడు శిల్పముతోపాటు శిలను చూపుడు. చేనికి తీసికొనిపోయి పిడికెడు మన్ను చేతబెట్టి, దాని పేరు మన భాషలో పలికింపుడు. రేగడి యను మాట శాస్త్రగ్రంథములలో నిలిచినది. మన యిండ్లలో నిలుపుట మన పని.