శాసన సాక్ష్యం

విజ్ఞాన సర్వస్వం ఒక్కరి రచన కాదు. పలువురి సమష్టి కృషి. తెలుగులో అటువంటి మహత్కార్యానికి పూనుకొన్న కొమర్రాజు వేంకట లక్ష్మణరావు (1877-1923) వివిధ శాస్త్రాలలో నిష్ణాతులైన వారిని కూడగట్టి ‘ఆంధ్ర విజ్ఞాన సర్వస్వము’ సంపుటాలను వెలువరించారు. తలపెట్టిన పని పూర్తికాకముందే ఆయన కన్నుమూశారు. 2003 డిసెంబరులో ప్రారంభమైన తెలుగు వికీపీడియా ఆ బాధ్యతను సామాన్య పాఠకులకు సైతం అందించింది. పండితుడైనా, విద్యార్థి అయినా అందులో రాయవచ్చు. ఇతరులు రాసినదాన్ని దిద్దవచ్చు.

ఈ స్వేచ్ఛ ఎంత గొప్పదో, అంత బరువైనది. ఒకరు పొరపాటున రాసిన మాటను మరొకరు ఎత్తి రాస్తే, ఆ పొరపాటుకు ప్రామాణికత వచ్చినట్లు కనిపిస్తుంది. పదిచోట్ల కనిపించినంత మాత్రాన అసత్యం సత్యం కాజాలదు. యుద్ధాల చరిత్రలో ఈ ప్రమాదం మరీ ఎక్కువ. గెలిచినవారి గొప్పలు, ఓడినవారి వేదన, తరువాతి తరాల అభిమానం అన్నీ అందులో కలగలిసి ఉంటాయి.

ఓరుగల్లును ఏలిన రుద్రమదేవి చరిత్రే ఇందుకు నిదర్శనం. ఇటలీ యాత్రికుడు మార్కోపోలో ఆమెను మరణించిన రాజుకు భార్యగా పేర్కొన్నాడు. ఆమె గణపతిదేవ చక్రవర్తి కుమార్తె అని శాసనాలు నిరూపించాయి. దేశాలు తిరిగినవాడు చెప్పినా, సాక్ష్యం ముందు ఆ మాట నిలువలేదు.

ఆమె మరణం విషయమూ అంతే. రుద్రమ 1295 లేదా 1296 వరకు పాలించిందని పూర్వ గ్రంథాలు పేర్కొన్నాయి. నల్లగొండ జిల్లా చందుపట్లలో లభించిన శాసనం ఆ అభిప్రాయాన్ని మార్చివేసింది. రుద్రమదేవికి, ఆమె సేనాని మల్లికార్జున నాయకునికి శివలోక ప్రాప్తి కలిగిన సందర్భంలో వారి పుణ్యార్థం ఒక సేవకుడు చేసిన భూదానాన్ని తెలిపే శాసనమది. దాని కాలం 1289 నవంబరు. మహారాణి చివరి రోజుల సంగతి ఒక సామాన్య సేవకుని భక్తి వల్ల లోకానికి తెలిసింది.

అయితే ఇక్కడే మరొక జాగ్రత్త అవసరం. రుద్రమను అంబదేవుడు యుద్ధంలో సంహరించాడని ఆ శాసనం చెప్పలేదు. రాణి, సేనాని ఇద్దరి మరణాన్నీ ఒకేచోట పేర్కొనడం, అంబదేవుని తిరుగుబాటు ఆ రోజులలోనే సాగడం గమనించి పరబ్రహ్మశాస్త్రి వంటి పరిశోధకులు అలా నిర్ధారణకు వచ్చారు. ఆ ఊహ బలమైనదే. కాని శాసనం పలికిన మాట వేరు, దాని నుండి పండితులు తీసిన ఫలితార్థం వేరు. ఈ రెంటినీ కలిపివేసి ‘శాసనంలో ఇలా ఉంది’ అని రాయడం న్యాయం కాదు.

1323లో ఓరుగల్లు పతనమైన తరువాత ప్రతాపరుద్రుడు ఏమైనాడన్నది మరొక ప్రశ్న. ఆయన ఢిల్లీ చేరి, విడుదలై తిరిగివచ్చాడని తరువాతి కాలపు కథలు చెబుతాయి. ఆ సంఘటనలకు సమీప కాలంలో ప్రోలయ నాయకుడు వేయించిన విలస తామ్రశాసనం మాత్రం, బందీగా పోతూ ఆయన నర్మదా తీరంలో మరణించాడని తెలుపుతున్నది. కథ మనస్సుకు ఊరట కలిగిస్తుంది. శాసనం దుఃఖం కలిగిస్తుంది. అయినా సత్యాన్వేషి మొగ్గవలసినది కాలానికి దగ్గరగా ఉన్న సాక్ష్యం వైపే. కథను పారవేయనక్కరలేదు, దానిని కథగానే పేర్కొంటే చాలు.

వరంగల్లు విద్యార్థికి ఈ విద్య నేర్చుకొనే అవకాశం ఇంటి ముంగిటనే ఉంది. హనుమకొండ వేయిస్తంభాల గుడిలో 1163 నాటి రుద్రదేవుని శాసనం నేటికీ నిలిచి ఉంది. ఒక వాక్యం చదివినప్పుడు ‘ఇది ఎవరు చెప్పారు? ఎప్పుడు చెప్పారు? వారికి ఎలా తెలిసింది?’ అని ప్రశ్నించడం, ఆధారం చూపి తప్పును దిద్దడం, ఆధారం లేనిచోట కలాన్ని ఆపడం ఆ విద్యలోని మెట్లు. తన ఊరి వీరులను గొప్పగా చెప్పుకోవాలన్న కోరిక అందరికీ సహజమే. కాని వారు చేయని పనిని వారికి అంటగట్టడం గౌరవం కాదు. ఉన్నదాన్ని ఉన్నంత మేరకే చెప్పడం వారికి చేయగల నిజమైన సేవ.